మెగా ఎవల్యూషన్ రివ్యూ: మన ఎండకు, మన జేబుకు ఏ పోకేమాన్ ఆటల ఎట్ల పనికొస్తది

పెద్దగట్టు జాతరల పూనకం వచ్చిన మనిషిని దగ్గరి నుంచి చూసినోళ్లకు మెగా ఎవల్యూషన్ గురించి ఎక్కువ చెప్పనక్కర్లేదు. మనిషి అదే, బలం వేరు, చూపు వేరు. డప్పు ఆగినంక మల్ల మామూలు మనిషే. పోకేమాన్ ఆటల్లో మామూలు ఎవల్యూషన్ అంటే పిల్ల పెద్దదైనట్టు, ఇగ వెనక్కి రాదు. మెగా ఎవల్యూషన్ అట్ల కాదు. కొట్లాట మధ్యల రూపం మారుతది, కొట్లాట అయిపోంగనే దిగిపోతది.

2013 అక్టోబర్ 12న నింటెండో 3డీఎస్ అనే చేతిల పట్టుకొని ఆడే మిషన్‌కు వచ్చిన పోకేమాన్ ఎక్స్, వై ఆటలతోని ఇది మొదలైంది. ఆ తర్వాత బలం పెంచే వేరే పద్ధతులుగ జెడ్-మూవ్ వచ్చింది, డైనమాక్స్ వచ్చింది, టెరాస్టల్ వచ్చింది. అన్నీ ఆడి పక్కపక్కన పెట్టి చూస్తే మెగానే మేలు. ఇది బలం ఇస్తది, ఆ బలానికి ధర ముందే అడుగుతది. ఆ ధర సరిగ్గ ఉన్న ఆటల ఇది బంగారం. ధర మాఫీ చేసినకాడల్లా చెడింది. ఒక్కో ఆటల ఆ ధర ఎట్ల మారిందో చూసుకుంటే ఏది కొనాలె, ఏది వదిలేయాలె అనేది తేలుతది.

ముందు అసలు లెక్క. ట్రైనర్ (పోకేమాన్‌ను ఆడించే మనిషి) దగ్గర కీ స్టోన్ ఉండాలె, పోకేమాన్ చేతిల దానికి సరిపోయే మెగా స్టోన్ ఉండాలె. ఒక కొట్లాటల ఒక ట్రైనర్‌కు ఒక్కటే మెగా. ఒకసారి మారినంక వెనక్కి పిలిచి మల్ల పంపినా మెగాగనే వస్తది, పడిపోతేనో కొట్లాట అయిపోతేనో తప్ప దిగదు. ధర ఏందంటే ఆ స్టోన్ పట్టుకున్న చెయ్యి. స్టోన్ పట్టుకున్నది ఇంక ప్రాణం నింపే లెఫ్టోవర్స్ పట్టుకోలేదు, వేగం పెంచే ఛాయిస్ స్కార్ఫ్ పట్టుకోలేదు, ఒక్క దెబ్బకు పోకుండ కాపాడే ఫోకస్ సాష్ పట్టుకోలేదు. బదులుగా ఒక లాభం ఉంది: నాక్ ఆఫ్, ట్రిక్ లాంటి దెబ్బలతోని ఆ స్టోన్‌ను ఎవరూ ఊడగొట్టలేరు. నాక్ ఆఫ్‌కు వచ్చే అదనపు బలం కూడా స్టోన్ ఉన్న పోకేమాన్ మీద పనిచెయ్యదు.

బలం ఎంత పెరుగుతదంటే మొత్తం బేస్ స్టాట్స్ (పుట్టుకతోని వచ్చే బలాల అంకెలు) మీద సరిగ్గ 100. హెచ్‌పీ, అంటే ప్రాణం, మాత్రం ఎప్పుడూ మారదు, ఆ నూరు మిగిలిన అయిదిట్ల పంచుతరు. చారిజార్డ్‌నే తీసుకుంటే, ఎక్స్ రూపంల అటాక్ 84 నుంచి 130కి, డిఫెన్స్ 78 నుంచి 111కి, స్పెషల్ అటాక్ 109 నుంచి 130కి పోతయి. వై రూపంల స్పెషల్ అటాక్ ఒక్కటే 159కి లేస్తది, అటాక్‌కు ఇరవై, స్పెషల్ డిఫెన్స్‌కు ముప్పై కలుస్తయి. రెండిట్లనూ కూడితే నూరే. ఈ లెక్క తప్పిన కేసు అలకజామ్: ఆరో తరం (ఎక్స్-వై, ఒమేగా రూబీ-ఆల్ఫా సఫైర్) ఆటల్లో దాని మెగాకు 90 మాత్రమే పెరిగింది, ఏడో తరంల (సన్, మూన్) స్పెషల్ డిఫెన్స్‌కు ఇంకో పది కలిపి సరిచేసిన్రు.

అంకెల కంటే పెద్దది టైపు (నిప్పు, నీళ్లు లాంటి జాతి), ఎబిలిటీ (పుట్టుగుణం) మారడం. చారిజార్డ్ మామూలుగ ఫైర్, ఫ్లయింగ్. ఎదుటోడు స్టెల్త్ రాక్, అంటే దిగేటోళ్లకు గుచ్చుకునే రాళ్లు, పరిచి పెడితే దిగంగనే సగం ప్రాణం పోతది. మెగా ఎక్స్ అయినంక ఫైర్, డ్రాగన్ అయితది కాబట్టి నాలుగో వంతే పోతది. కానీ మారేది దిగినంకనే. అంటే మొదటిసారి దిగినప్పుడు సగం పోవుడు ఖాయం. చాలామంది ఇక్కడనే దెబ్బతింటరు: చారిజార్డ్ ఎక్స్‌ను వెనక దాచి మధ్యల దింపుతరు, సగం ప్రాణంతోని పనికిరాకుండ పోతది. స్టెల్త్ రాక్ పడకముందే దింపి, ఒకసారి మార్చి, వెనక్కి తీసుకోవాలె. లేదంటే ఆ రాళ్లను ఊడ్చే రాపిడ్ స్పిన్, డిఫాగ్ కొట్టే తోడును ముందు పంపాలె.

వై రూపానికి డ్రౌట్ ఎబిలిటీ. మారంగనే ఎండ కాస్తది. ఎదుటోడి పోలిటోడ్ వాన తెచ్చి కూర్చున్నా సరే, దిగుడు వేరు, మారుడు వేరు కాబట్టి మారినంక మన ఎండే నిలుస్తది. కాకపోతే చేతిల స్టోన్ ఉండడంతోని ఎండను పొడిగించే హీట్ రాక్‌కు చోటు లేదు, ఎండ అయిదు టర్న్‌లే (ఇద్దరూ ఒక్కోసారి కొట్టుకుంటే ఒక టర్న్). ఆ అయిదు టర్న్‌లను లెక్కపెట్టుకుంట ఆడాలె. సోలార్ బీమ్ ఒకే టర్న్‌ల కొట్టొచ్చనే ఆశతోని చివర్ల ఎండ పోయినంక నొక్కితే ఒక టర్న్ ఊరికెనే పోతది.

వేగం సంగతి తరంతో మారింది, పాత 3డీఎస్ ఆటలు ఆడేటోళ్లు ఇది గుర్తుపెట్టుకోవాలె. ఎక్స్-వై, ఒమేగా రూబీ-ఆల్ఫా సఫైర్ ఆటల్లో మెగా అయిన టర్న్‌ల పాత వేగమే లెక్క. తర్వాతి టర్న్ నుంచే కొత్తది. బీడ్రిల్‌కు మెగాల వేగం 75 నుంచి 145 అయితది, అటాక్ 90 నుంచి 150. కానీ ఆ మొదటి టర్న్ 75తోనే ఉంటది, డిఫెన్స్ 40 ఉన్న పురుగు ఒక్క దెబ్బకు పోతది. అందుకే ఆ రోజుల్లో బీడ్రిల్‌కు దెబ్బను ఆపే ప్రొటెక్ట్ తప్పనిసరి: మొదటి టర్న్‌ల మెగా, ప్రొటెక్ట్ కలిపి నొక్కుడు, రెండో టర్న్ నుంచి కొట్టుడు. సన్, మూన్ నుంచి మారిన టర్న్‌లనే కొత్త వేగం లెక్కకొస్తది. పాత ఆటకు రాసిన టీమ్‌ను కొత్త ఆటల, కొత్త దానికి రాసింది పాత ఆటల దించుకుంటే అందుకే తేడా కొడతది.

మెగా చేస్తే ఎప్పుడూ మేలే అనుకునుడు కూడా తప్పే. గార్చాంప్ మెగా అటాక్ 170 అయితది కానీ వేగం 102 నుంచి 92కి పడిపోతది. 100 వేగం ఉన్నోళ్లందరి కంటే ముందుండే పోకేమాన్ వాళ్ల వెనకకు పోతది. గార్చాంప్‌కు ఛాయిస్ స్కార్ఫ్ ఇచ్చి మామూలుగనే ఆడించి, మెగా స్టోన్‌ను ఇంకోదానికి ఇచ్చుడే చాలాసార్లు లాభం. 2014 ప్రపంచ ఛాంపియన్ సె జున్ పార్క్ టీమ్ కూడా ఇదే చెప్తది. మెగా స్టోన్ గ్యారడాస్ చేతిల ఉంది, గార్చాంప్ మామూలు రూపంలనే ఆడింది, అందరూ గుర్తుపెట్టుకున్నది మాత్రం చిన్న పాచిరిసు. మెగా టీమ్‌కు ఒక స్తంభం మాత్రమే, ఇల్లు మొత్తం కాదు.

ధర సరిపోని కేసులు కూడా ఉన్నయి. కంగస్కాన్ వాటిల మొదటిది. మెగాల తల్లీ పిల్లా ఇద్దరూ కొడతరు. ఆరో తరంల పిల్ల దెబ్బ తల్లి దెబ్బల సగం. పవర్-అప్ పంచ్ ఒక్కసారి కొడితే అటాక్ రెండు మెట్లు లేస్తది. సైస్మిక్ టాస్ అయితే రెండుసార్లూ నిండు దెబ్బే. ఫోకస్ సాష్ పట్టుకొని ఒక్క ప్రాణంతోని బతుకుదామనుకుంటే రెండో దెబ్బ ఆ ఆశను తీసేస్తది. ఏడో తరంల పిల్ల దెబ్బను నాలుగో వంతుకు తగ్గించిన్రు, అప్పుడు కుదురుకుంది. దాన్ని ఆపడానికి పనికొచ్చింది రాకీ హెల్మెట్: తగిలిన ప్రతి దెబ్బకు కొట్టినోడి ప్రాణంల ఆరో వంతు పోతది, రెండు దెబ్బలకు మూడో వంతు. విల్-ఓ-విస్ప్‌తోని కాల్చినా అటాక్ సగమైతది.

గెంగార్ మెగా ఇంకో తీరు తలనొప్పి. షాడో ట్యాగ్ ఎబిలిటీతోని ఎదుటోడు ఘోస్ట్ టైపు తప్ప వేరే పోకేమాన్‌ను మార్చుకోలేడు. స్పెషల్ అటాక్ 170, వేగం 130. పెరిష్ సాంగ్‌తోని కలిపితే ఎదుటోడు ఏం చేసినా మూడు టర్న్‌లల్ల పోతడు. ఇట్లాంటిది ఆడేటోడికి బాగనే ఉంటది, ఎదుట కూర్చున్నోడికి మాత్రం ఆట అనిపించదు.

అన్నిటికన్నా చెడ్డది రేక్వాజా. ఇది 2014 నవంబర్‌ల వచ్చిన ఒమేగా రూబీ, ఆల్ఫా సఫైర్ ఆటలది. అప్పటికి అన్నీ కలిపి 46 పోకేమాన్‌లకు 48 మెగా రూపాలు అయినయి. వాటిల రేక్వాజా ఒక్కదానికే స్టోన్ అక్కర్లేదు. డ్రాగన్ అసెంట్ అనే మూవ్ తెలిస్తే చాలు. మొత్తం స్టాట్స్ 780, పైగా చేతిల దెబ్బ బలం పెంచే లైఫ్ ఆర్బ్. ధర మాఫీ అంటే ఇదే. పోటీ ఆడేటోళ్లు మరీ బలమైనవాటి కోసం పెట్టుకున్న ఉబర్స్ అనే పై అంతస్తుల కూడా దీన్ని నిలుపలేక, దానికోసమే ‘ఏదైనా సరే’ అనే కొత్త అంతస్తు కట్టాల్సి వచ్చింది. అవే ఆటల్లో గ్రౌడాన్, క్యోగర్‌ల ప్రైమల్ రూపాలు కూడా ఉన్నయి. రెడ్ ఆర్బ్, బ్లూ ఆర్బ్ పట్టుకొని దిగంగనే మారుతయి, మెగా లెక్కల పడవు. అంటే ఒకే టీమ్‌ల ప్రైమల్ గ్రౌడాన్, మెగా రేక్వాజా రెండూ ఆడొచ్చు. కథ ఆడుకునేటోళ్లకు పండుగే. పోటీకి మాత్రం ఆ ఆటలు అక్కడనే చెడినయి.

బలహీనులకు మెగా చేసిన మేలు వేరే చెప్పాలె. మావైల్ అంతకుముందు ఎవరూ పట్టించుకోని పోకేమాన్. మెగాల హ్యూజ్ పవర్‌తోని అటాక్ రెట్టింపు, డిఫెన్స్ 85 నుంచి 125, స్పెషల్ డిఫెన్స్ 55 నుంచి 95. వేగం 50 దగ్గరనే ఉంటది కాబట్టి నిదానమైనవే ముందు కొట్టే ట్రిక్ రూమ్‌ల దింపాలె, లేదంటే సక్కర్ పంచ్‌తోని ముందుగ కొట్టాలె. ఇట్లాంటోళ్లకు ఇచ్చినప్పుడే ఈ పద్ధతి అందం. అప్పటికే బలంగ ఉన్న సాలమెన్స్, మెటాగ్రాస్‌లకు ఇచ్చుడు ఉన్నోడికే మల్ల పెట్టినట్టయింది.

ఇగ ఆటలు చేతికి రావుడు. 3డీఎస్ ఇప్పుడు పాత సరుకే. దాని ఆన్‌లైన్ షాపు 2023 మార్చి 27న మూసిన్రు, ఆన్‌లైన్ ఆట 2024 ఏప్రిల్ 8తోని ఆగింది. అంటే అప్పట్లో ఇంటర్నెట్ ద్వారా పంచిన మెగా స్టోన్‌లు ఇప్పుడు కొత్తగ దొరకవు. సెకండ్ హ్యాండ్‌ల కొనేటోళ్లు మొట్టమొదట చూడాల్సింది రీజియన్. 3డీఎస్ రీజియన్ లాక్ ఉన్న మిషన్, జపాన్ మిషన్‌ల అమెరికా క్యాసెట్ ఆడదు. మిషన్ ఒకరి దగ్గర, క్యాసెట్ ఇంకొకరి దగ్గర కొని ఇంటికొచ్చి తల పట్టుకునే బదులు రెండిటి రీజియన్ కలుస్తదా చూసి పైసలియ్యాలె. నింటెండో తర్వాతి మిషన్ స్విచ్‌కు ఈ బాధ లేదు.

ఎక్స్, వై ఆటల్లో ఒక విచిత్రమైన నియమం ఉంది. తెల్వక చాలామంది స్టోన్‌లు లేవనుకొని వదిలేస్తరు. ఛాంపియన్ అయినంక కిలూడ్ సిటీల పోటీదారును ఓడించాలె. తర్వాత అనిస్టార్ సిటీల సన్‌డయల్ కాడ ప్రొఫెసర్ సికమోర్ మెగా రింగ్‌కు కొత్త శక్తి ఇప్పిస్తడు. అప్పటి నుంచి రోజూ రాత్రి 8 నుంచి 9 లోపల, ఆ ఒక్క గంట మాత్రమే, మిగిలిన మెగా స్టోన్‌లు నేల మీద మెరుస్తయి. గంట దాటితే కనబడవు. మిషన్ గడియారం మన టైముకు పెట్టుకోవాలె. పాత మిషన్ కొంటే అది ఏ దేశం టైముల ఉందో తెల్వదు, మన రాత్రి ఎనిమిదికి దాంట్ల మధ్యాహ్నం ఉంటది. గడియారం మార్చిన రోజు టైము మీద ఆధారపడే కొన్ని పనులు ఆట ఆపేస్తది కాబట్టి కొన్న రోజే టైము పెట్టేసి, మరుసటి రోజు నుంచి వెతుకుడు మొదలుపెట్టాలె. ఒక్క సాయంత్రంల అన్నీ అయిపోవు, ముందే ఏ ఊర్ల ఏది ఉందో రాసి పెట్టుకొని, ఏడున్నరకే మొదటి చోటికి చేరుకోవాలె.

ఇంకోటి: కాంటో స్టార్టర్ (చారిజార్డ్, వీనసార్, బ్లాస్టాయిస్ వంశాల్లో ఒకటి) తీసుకునేటప్పుడు ఎక్స్ ఆటల చారిజార్డ్‌కు ఎక్స్ స్టోన్, వై ఆటల వై స్టోన్ వస్తది. రెండోది ఆ క్యాసెట్‌ల లేనే లేదు. మ్యూటూకు కూడా అదే తీరు. ఏ చారిజార్డ్ కావాలనో చూసుకొని క్యాసెట్ ఎంచుకోవాలె. స్టార్టర్ తీసుకునేటప్పుడు వదిలిన మిగతా ఇద్దరి స్టోన్‌లు లూమియోస్ సిటీల స్టోన్ ఎంపోరియంల కొనుక్కోవచ్చు. పట్నంల మన స్టైల్ పెరిగినకొద్దీ అక్కడ ధర దిగుతది, తొందరపడి మొదట్లనే కొంటే ఆట డబ్బులన్నీ పోతయి.

2016ల వచ్చిన సన్, మూన్ ఆటల్లో మెగాను కథ అయిపోయినంకనే ఇచ్చిన్రు, స్టోన్‌లు చాలా వరకు బ్యాటిల్ ట్రీ కాడ 64 పాయింట్లకు ఒకటి. ఒక్కో స్టోన్‌కు చాలా కొట్లాటలు గెలవాలె. కథల వాడుకోలేని మెగా కోసం ఆ ఆటలు కొనడం దండుగ. 2018ల స్విచ్‌కు వచ్చిన లెట్స్ గో పికాచూ, ఈవీల మెగా ఉంది కానీ ఆ ఆటల పోకేమాన్ చేతికి వస్తువులే ఇవ్వరు, స్టోన్ సంచిలనే ఉంటది. చెయ్యి ఖాళీ అంటే ధర లేదు. చిన్న పిల్లలకు మొదటి ఆటగ బాగుంటది, ఆలోచించి ఆడేటోళ్లకు చప్పగ ఉంటది.

మెగాను పక్కన పెట్టి తెచ్చినవాటి గురించి కొద్దిగ. 2019 స్వోర్డ్, షీల్డ్‌ల డైనమాక్స్: ఏ పోకేమాన్ అయినా మూడు టర్న్‌లు కొండంత అయితది, హెచ్‌పీ ఒకటిన్నర రెట్ల నుంచి రెండు రెట్ల దాక పెరుగుతది, చేతి వస్తువు వదులుకోనక్కర్లేదు, ఛాయిస్ వస్తువుల బంధం (ఒకటే మూవ్ కొట్టాలనే నియమం) కూడా ఆ మూడు టర్న్‌లు తెగుతది. ఏమీ ఇయ్యకుండ అన్నీ వస్తయి. ఆట వచ్చిన దాదాపు నెలకే పోటీ ఆడేటోళ్లు ఓయూ అనే తమ మామూలు అంతస్తుల దాన్ని నిషేధించిన్రు. 2022 స్కార్లెట్, వయలెట్‌ల టెరాస్టల్ దానికంటే తెలివైంది, టైపు మార్చుడుతోని ఆలోచన ఉంది. కానీ అది ఎదుటోడికి ముందు కనబడదు. మెగాల చారిజార్డ్‌ను చూడంగనే ఎక్సా వైయా అని రెండు దారులు, ఎదుటోడు లెక్కపెట్టుకోగలడు. టెరాల పద్దెనిమిది టైపుల మీద స్టెల్లార్ ఒకటి. పందెం ఎక్కువ, ఎత్తు తక్కువ.

2025 అక్టోబర్ 16న స్విచ్, స్విచ్ 2లకు వచ్చిన లెజెండ్స్ జెడ్-ఏతోని మెగా తిరిగి వచ్చింది, అదీ లూమియోస్ సిటీలనే. ఇక్కడ టర్న్‌లు లేవు, కొట్లాట పరుగుల మీద జరుగుతది. ఎదుటిదాన్ని కొడితే శక్తి వస్తది, గేజ్ నిండుతది, నిండితే మెగా. మెగాల ఉన్నంతసేపు గేజ్ కారిపోతది, ఖాళీ అయితే రూపం దిగుతది. కొట్లాట చివరిదాక నిలిచే పాత మెగాకూ దీనికీ అసలు తేడా ఇదే. గేజ్ నిండంగనే నొక్కుడు ఇక్కడ పెద్ద తప్పు: ఎదుటిది దూరంగ ఉన్నప్పుడు నొక్కితే దగ్గరికి పోయేసరికే సగం కరిగిపోతది. దగ్గరికి చేరి, దాని పెద్ద దెబ్బ తప్పించుకున్నంక నొక్కాలె. రోగ్ మెగాలు, అంటే అదుపు తప్పిన మెగాలతోని కొట్లాడేటప్పుడు ఇది మరీ ముఖ్యం, అవి నేల మీద గుర్తులు చూపిచ్చి కొడతయి, ముందు పక్కకు దొర్లాలె. పోకేమాన్ కంటే ట్రైనర్ మీద చూపు ఎక్కువ పెట్టాలె. ఈ ఆటల ఎబిలిటీలు లేవు. మావైల్‌కు హ్యూజ్ పవర్ లేదు, చారిజార్డ్‌కు డ్రౌట్ లేదు. పాత పుస్తకం చూసి టీమ్ కట్టేటోళ్లు ఇక్కడ బోల్తా పడతరు. కానీ డ్రాగనైట్‌కు, విక్ట్రీబెల్‌కు మెగా రావుడు, స్టోన్ చేతిలనే ఉండుడు, మెగా చుట్టూ మొత్తం ఆట కట్టుడు చూస్తే, సొంతంగ ఆడుకునేటోళ్లకు ఇప్పుడు స్విచ్ మీద ఇదే సరైనది. స్విచ్ మన దగ్గర ఎక్కువగ దిగుమతి సరుకుగనే వస్తది కాబట్టి బిల్లు, వారంటీ ఎవరు ఇస్తరో అడిగినంకనే కొనాలె.

నల్లగొండ, పాలమూరుల ఎక్కువమంది చేతిల ఉన్నది మాత్రం ఫోన్. ఫోన్ పట్టుకొని నడుచుకుంట ఆడే పోకేమాన్ గో మన దేశానికి 2016 డిసెంబర్‌ల వచ్చింది, మెగా దాంట్ల 2020 ఆగస్టుల చేరింది. మొదట్ల దాని ధర చాలా అన్యాయంగ ఉండె: ప్రతిసారి ఎనర్జీ ఖర్చు, నాలుగు గంటలే రూపం. 2022 ఏప్రిల్‌ల మార్చినంక ఇప్పుడు ఎనిమిది గంటలు. మొదటిసారి మాత్రమే పూర్తి ఎనర్జీ, ఆ తర్వాత విశ్రాంతి రోజులు గడిస్తే ఉత్తగనే మల్ల మెగా. ధర ఇక్కడ డబ్బు కాదు, ఓపిక. మన ఊర్లకు ఇది సరిపోయే ధర.

లెక్క ఇట్ల. బీడ్రిల్, పిడ్జాట్‌లకు మొదటిసారి 100 ఎనర్జీ. వీనసార్, చారిజార్డ్, బ్లాస్టాయిస్‌లకు 200. ప్రైమల్ గ్రౌడాన్, క్యోగర్‌లకు 400. రేక్వాజాకు 400తోపాటు మీటియరైట్‌తోని డ్రాగన్ అసెంట్ కూడా నేర్పాలె. ఒకసారి చేసినంక బేస్ లెవెల్‌ల ఏడు రోజుల విశ్రాంతి, ఏడుసార్లు చేస్తే హై లెవెల్, అప్పుడు అయిదు రోజులు, ముప్పైసార్లకు మ్యాక్స్ లెవెల్, అప్పుడు మూడు రోజులు. విశ్రాంతి పూర్తికాకముందే కావాలంటే ఎనర్జీ కట్టాలె, రోజులు గడిచినకొద్దీ ఆ ఖర్చు దిగుతది. రెండో మెగా నుంచి ఒక్క ఎనర్జీ కూడా ఖర్చు పెట్టకుండ మ్యాక్స్‌కు పోవాలంటే దాదాపు అయిదు నెలలు పడతది. విశ్రాంతి అయిపోయిన రోజే తప్పకుండ నొక్కుకుంట పోతే చాలు. మరిచిపోయిన ప్రతి రోజు ఆ అయిదు నెలలకు కలుస్తది.

లెవెల్ ఆ ఒక్క పోకేమాన్‌కే. అందుకే మొదటి 200 పెట్టకముందే మంచి ఐవీ (పుట్టుబలం అంకె) ఉన్న, సరైన మూవ్‌లు ఉన్న దాన్ని ఎంచుకోవాలె. షాడో పోకేమాన్ (టీమ్ రాకెట్ దగ్గర పట్టినవి) మెగా కాదు, కావాలంటే ప్యూరిఫై చెయ్యాలె. ఒక సమయంల ఒక్కటే మెగా, రెండోదాన్ని చేస్తే మొదటిది దిగిపోతది. జిమ్‌ల కూర్చోబెట్టేందుకు పనికిరాదు.

లాభం ఏందంటే, మెగా ఉన్నంతసేపు దాని టైపు పోకేమాన్‌ను పట్టిన ప్రతిసారి అదనపు క్యాండీ (పోకేమాన్ బలం పెంచే సరుకు). బేస్, హై లెవెల్‌ల ఒకటి, మ్యాక్స్‌ల రెండు. ఎక్స్‌ఎల్ క్యాండీ దొరికే అవకాశం కూడా లెవెల్‌తోని పెరుగుతది. రెయిడ్‌ల, అంటే గుంపుగ కలిసి ఒక పెద్ద పోకేమాన్‌ను ఓడించే కొట్లాటల, మన మెగా బరిల ఉన్నంతసేపు తోటి ఆటగాళ్ల దెబ్బలు పది శాతం, అదే టైపు మూవ్‌లైతే ముప్పై శాతం బలంగ తగులుతయి. ఇద్దరు మెగాలు పెడితే రెట్టింపు కాదు. అందుకే గుంపుల ఒకరు మెగాను మొదట్ల పెట్టాలె, ఇంకొకరు వెనక వరుసల పెట్టాలె, మొదటిది పడంగనే రెండోది వస్తది.

ఇప్పుడు మన వాతావరణం. బాగ ఎండ కాస్తే ఫైర్, గ్రాస్, గ్రౌండ్ పోకేమాన్‌లకు బలం, ఎక్కువగ కనబడేవి కూడా అవే. రాత్రి ఆకాశం తేటగ ఉన్నా అదే లెక్క. వాన పడితే వాటర్, ఎలక్ట్రిక్, బగ్. గాలి కొడితే డ్రాగన్, ఫ్లయింగ్, సైకిక్. ప్రైమల్ గ్రౌడాన్ క్యాండీ ఇచ్చేది సరిగ్గ ఫైర్, గ్రాస్, గ్రౌండ్ మూడింటికీ. క్యోగర్ వాటర్, ఎలక్ట్రిక్, బగ్ మూడింటికీ. రేక్వాజా గాలి మూడింటికీ. సంవత్సరంల ఎక్కువ నెలలు ఆకాశం తేటగ ఉండే పాలమూరు, నల్లగొండ జిల్లాలకు గ్రౌడాన్ మీద పెట్టిన 400 ఎక్కడికీ పోదు. వానకాలం నాలుగు నెలలకు క్యోగర్. రెండూ ప్రైమల్ రెయిడ్‌లు వచ్చినప్పుడే దొరుకుతయి, ఆ రోజుల్లో ఒక్కరే పోతే గెలవరు. ముందే గుంపు కూడి, టైము మాట్లాడుకొని పోవాలె. తొందరగ గెలిస్తే ఎనర్జీ ఎక్కువ వస్తది.

రెయిడ్ దొరకనోళ్లకు దారి ఉంది. ఒకసారి మెగా చేసిన పోకేమాన్‌ను బడ్డీగ పెట్టుకొని నడిస్తే క్యాండీతోపాటు మెగా ఎనర్జీ కూడా వస్తది. దేవరకొండ, కల్వకుర్తి దిక్కు పోకేస్టాప్‌లు (ఆటల సరుకులు ఇచ్చే చోట్లు) తక్కువ ఉన్న ఊర్ల ఇదే ఆధారం. స్టార్టర్‌ల ఎనర్జీ ఫీల్డ్ రీసెర్చ్‌ల కూడా కొద్దికొద్దిగ దొరుకుతది. నడుస్తనే లెక్క: గంటకు 10 కిలోమీటర్ల చుట్టుపక్కల వేగం దాటితే దూరం సరిగ్గ కలవదు, బండి మీద పోయేది దండుగ. పానగల్లు ఉదయసముద్రం కట్ట మీద, మహబూబ్‌నగర్ మినీ ట్యాంక్‌బండ్ మీద తెల్లారి, సాయంత్రం నడిచేటోళ్లకు అడ్వెంచర్ సింక్ ఆన్ చేసి పెడితే యాప్ మూసినా కిలోమీటర్లు చేరుతయి.

ఎండాకాలం ఒక సమస్య ఉంది, దీన్ని ఆట చేసినోళ్లు ఆలోచించలేదు. కమ్యూనిటీ డే (ఒక పోకేమాన్ మస్తుగ కనబడే రోజు) ఎక్కువగ మధ్యాహ్నం 2 నుంచి 5. మే నెలల నల్లగొండల ఆ మూడు గంటలు బయట తిరుగుడు ప్రాణం మీదికి తెచ్చుకునుడే. ఫోన్ కూడా కాగి స్క్రీన్ దానంతటదే మసకబారుతది, ఛార్జింగ్ ఎక్కదు. ఆ రోజు ఇంట్ల కూర్చొనే పోకేమాన్‌లను రప్పించే ఇన్సెన్స్ పెట్టి, సరైన టైపు మెగాను రెండు గంటలకు నొక్కి పట్టుకునుడు మంచిది. మెగా ఎనిమిది గంటలుంటది కాబట్టి 5 గంటలకు ఎండ దిగినంక అదే మెగాతోని రాత్రి 10 దాక బయట మామూలు ఆట సాగుతది. పవర్ బ్యాంక్ ఎండల పెట్టొద్దు, ఫోన్‌ను ప్లాస్టిక్ కవర్ తీసి వాడాలె, యాప్‌ల బ్యాటరీ సేవర్ ఆన్ చెయ్యాలె.

చేతిల ఏమీ లేకుండ కొత్తగ మొదలుపెట్టేటోళ్లకు మొదటి 200 ఎనర్జీ చారిజార్డ్ మీదనే. ఎక్స్‌కు, వైకి ఎనర్జీ ఒక్కటే, కానీ మన ఎండకు వై: ఫైర్ ఎండల బలం, ఫ్లయింగ్ గాలిల బలం. బటన్ నొక్కకముందు మూడు చూసుకోవాలె. దానికి బ్లాస్ట్ బర్న్ మూవ్ ఉందా, ఉండకపోతే మెగా చేసినా రెయిడ్‌ల దెబ్బ తగ్గుతది. ఇంకో ఎనిమిది గంటలు ఆడే తీరిక ఉందా. ఇంకో మెగా ఇప్పటికే నడుస్తలేదు కదా.